పడవ గ్రంథాలయానికి మనం వారసులమేనా?

ఈ మధ్య విజయవాడలో ఒక సాహిత్య సభకి వెళ్ళాను. వేదిక మీద ఒక పెద్దాయన, నేను ఇష్టంగా చదువుకున్న రచయితే, మైకు పట్టుకుని "పాత రికార్డింగులన్నీ డిజిటైజ్ చేయించేశాం. ఇంక వందేళ్ళ దాకా దిగుల్లేదు" అన్నారు. అందరూ చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను. తర్వాత టీ దగ్గర ఆయన్ని అడిగాను: "ఏ ఫార్మాట్లో దాచారండీ?" ఆయన నవ్వేసి, "అవన్నీ మీ కంప్యూటర్ కుర్రాళ్ళు చూసుకుంటారు బాబూ. మనది సాహిత్యం కదా!" అన్నారు.

ఆ కంప్యూటర్ కుర్రాళ్ళలో నేనూ ఒకణ్ణి. పదిహేనేళ్ళుగా సాఫ్ట్‌వేర్‌లోనే ఉన్నాను. మేం చూసుకోవడం లేదు. ఆ సంగతి చెప్పడానికే ఈ వ్యాసం.

ఫైలు దాచినంత మాత్రాన గొంతు దాచినట్టు కాదు. ఆ ఫైలుని విప్పి చదివే ప్రోగ్రాము బతికుంటేనే గొంతు బతికున్నట్టు. అలాంటి ప్రోగ్రాముల్ని ప్రపంచం మొత్తం మీద కొద్దిమంది, చాలామంది జీతం లేకుండానే, మోస్తున్నారు. తెలుగు చచ్చిపోతోందని ఏడాదికి నాలుగు సభలు పెట్టే మనం ఆ మోతలో ఒక్క వేలు కూడా వెయ్యలేదు. ఇది టెక్నికల్ విషయం కాదు, భాషకి సంబంధించిన విషయం. ఒప్పుకోనివాళ్ళు కాస్త ఓపిక పట్టండి, ముందు మా ఇంటి సంగతి చెబుతాను.

*

మా అమ్మవాళ్ళ నాన్నది దివిసీమ. 1977 నవంబరు 19, ఉప్పెన వచ్చిన రాత్రి తానేం చేశాడో, ఎవరెవర్ని పోగొట్టుకున్నాడో తాతయ్య ఏడాదికోసారి, ఆ నెలలోనే, అరుగు మీద కూర్చుని చెప్పేవాడు. మిగతా నెలల్లో అడిగినా చెప్పేవాడు కాదు. 2001లో మా చిన్న మావయ్య టేప్‌రికార్డర్ పక్కన పెట్టి నలభై నిమిషాలు ఎక్కించాడు. అమెరికాలో ఉన్న పెద్ద మావయ్యకి వినిపించాలని. క్యాసెట్ పోస్టులో వేస్తే ఏమవుతుందోనని భయం. గవర్నర్‌పేటలో ఒక నెట్ సెంటర్ కుర్రాడు టేప్‌రికార్డర్ నుంచి కంప్యూటర్‌కి వైరు తగిలించి, దాన్ని రియల్ ఆడియోగా మార్చాడు. అప్పట్లో మేం వాడే ఉచిత మెయిల్లో మెగాబైటు దాటితే ఫైలు పోయేది కాదు. అందుకని సెకనుకి పదహారు కిలోబిట్లకి పిండి, ఎనిమిదేసి నిమిషాల ఐదు ముక్కలు చేశాడు. ఒక్కో ముక్క మెగాబైటుకి కాస్త తక్కువ. నాకప్పుడు పదమూడేళ్ళు. పక్కనే నిలబడి చూస్తున్నాను. తాతయ్య గొంతు ఫోన్ తీగలోంచి అమెరికా పోతుందంటే ఒళ్ళు జలదరించింది.

తాతయ్య 2004లో పోయాడు. క్యాసెట్ సింగ్‌నగర్‌లో చిన్న మావయ్య ఇంట్లో, బీరువా కింది అరలో ఉండేది. 2024 సెప్టెంబరు 1న బుడమేరు సింగ్‌నగర్ మీద పడింది. నీళ్ళు తీశాక బీరువా తలుపు తెరిస్తే కింది అరంతా బురద. ఉప్పెన కథని వరద మింగింది.

మిగిలింది పెద్ద మావయ్య దగ్గరున్న సీడీ ఒక్కటే. అందులో ఉన్నవి మెయిల్లో పంపేశాడు. ఫోన్ చేసి, "ఏరా, ఇవి ఇక్కడ ఎందులోనూ పలకట్లేదు. నీ దగ్గరేమన్నా పలుకుతాయేమో చూడు" అన్నాడు.

నా ఫోన్లోనూ పలకలేదు. విండోస్‌తో వచ్చిన ప్లేయరూ ఈ రకం ఫైలు తెరవలేనంది. చివరికి ఎఫ్ఎఫ్ఎంపెగ్ అనే ప్రోగ్రాముకి ఒక్క లైను ఆదేశం ఇస్తే, ఐదు ముక్కలూ రెండు సెకన్లలో మామూలు ఆడియో ఫైళ్ళయి కూర్చున్నాయి. ఆ రెండు సెకన్లలో తెర మీద ఒక మాట మెరిసింది: "కుక్". వంటవాడు కాదు. రియల్ నెట్‌వర్క్స్ కంపెనీలో ఆ కోడెక్ తయారుచేసిన కెన్ కుక్ అనే ఇంజనీరు పేరు అది.

కోడెక్ అంటే గొంతుని అంకెలుగా మడతపెట్టే పద్ధతి. మడతపెట్టిన తీరు తెలిస్తేనే విప్పగలం. ఆ తీరుని కంపెనీ గుట్టుగా ఉంచుకుంది. మరి ఎఫ్ఎఫ్ఎంపెగ్‌కి ఎలా తెలిసింది? ఎవరో కూర్చుని, గుట్టు విప్పి, మళ్ళీ మొదటినుంచీ రాశారు. ఆ సోర్స్ ఫైలు తెరిచి చూశాను. పైన రెండు పేర్లు, 2003, 2005 అని రెండు సంవత్సరాలు. ఆ ఇద్దరూ దివిసీమ పేరు విని ఉండరు. తాతయ్య గొంతు ఇవాళ నా దగ్గరుందంటే వాళ్ళ పుణ్యమే.

ఆ సీడీలోనే ఇంకో ఫోల్డరు ఉంది. పెద్ద మావయ్య అప్పట్లో నెట్లో విన్న రేడియో నాటకాలూ, హరికథలూ ఇష్టపడి దాచుకున్నది. ముప్పై ఫైళ్ళు, అన్నీ డాట్ రామ్. ఒక్కొక్కటీ వంద బైట్లు కూడా లేదు. ఎందుకంటే రామ్ ఫైల్లో ఆడియో ఉండదు, ఆడియో ఉన్న చోటి చిరునామా మాత్రం ఉంటుంది. ఇరవై ఏళ్ళుగా మావయ్య దాచుకున్నవి ముప్పై చిరునామాలు. ఆ ఊళ్ళు ఇప్పుడు లేవు. చెబితే ఫోన్లో కాసేపు మాట్లాడలేదు. "అయితే రామ్‌లో రాముడు లేడన్నమాట" అని నవ్వాడు. ఆ నవ్వు నాకు ఇంకా గుర్తుంది.

*

ఇప్పుడు "షేర్డ్ లైబ్రరీ" అంటే ఏమిటో చెప్పాలి. కృష్ణా జిల్లాలో పుట్టినవాళ్ళకి ఇది కష్టం కాదు.

1855లో బెజవాడ దగ్గర ఆనకట్ట పూర్తయింది. 1957లో దాని బదులు ప్రకాశం బ్యారేజి వచ్చింది. అక్కణ్ణుంచి ఏలూరు కాలువ, రైవస్ కాలువ, బందరు కాలువ ఊరి మధ్యలోంచే పోతాయి. ప్రతి రైతూ తన పొలానికి వేరే నదిని తవ్వుకోడు. ఒకచోట కట్టిన నీళ్ళని అందరూ తూముల్లోంచి తీసుకుంటారు. సాఫ్ట్‌వేర్‌లో షేర్డ్ లైబ్రరీ అంటే ఇదే. వీడియో ఎలా విప్పాలో, పాట ఎలా పలికించాలో ప్రతి ప్రోగ్రామూ మళ్ళీ కనిపెట్టదు. ఆ పని తెలిసిన ఫైలు ఒకటి సిస్టమ్‌లో ఉంటుంది. విండోస్‌లో దాని చివర డాట్ డీఎల్ఎల్ అని ఉంటుంది, లినక్స్‌లో డాట్ ఎస్ఓ. ప్లేయరూ, ఎడిటరూ, ఇంకోటీ అందులోంచే నీళ్ళు తోడుకుంటాయి. "డీఎల్ఎల్ మిస్సింగ్" అని తెర మీద పడితే గవర్నర్‌పేట కంప్యూటర్ షాపుకి సీపీయూ మోసుకెళ్ళిన తరం మాది. షాపతను ఫ్లాపీలోంచి ఒక ఫైలు కాపీ కొట్టి యాభై రూపాయలు తీసుకునేవాడు. అది కాలువలో తూము పూడిపోవడం లాంటిదని అప్పుడు తెలీదు.

ఆడియో, వీడియోల దగ్గర పెద్ద కాలువ పేరు లిబ్‌ఏవీకోడెక్. ఫాబ్రిస్ బెలార్ అనే ఫ్రెంచి ప్రోగ్రామర్ 2000లో మొదలుపెట్టిన ఎఫ్ఎఫ్ఎంపెగ్‌లో భాగం. పారిస్ విద్యార్థులు 1996లో మొదలుపెట్టిన ప్రాజెక్టు నుంచి పుట్టిన వీఎల్‌సీ, మన ఇళ్ళల్లో నారింజ రంగు ట్రాఫిక్ కోన్ బొమ్మతో కనిపించేది, చాలా ఫైళ్ళని విప్పేది దీంతోనే. యూట్యూబ్ లాంటి సంస్థల వెనక పనిచేసేదీ ఇదే. మీ చెల్లెలి పెళ్ళి వీడియోని కత్తిరించిన ఉచిత ఎడిటర్లోనూ ఇది ఉండే అవకాశం ఎక్కువ.

కాలువకి లస్కర్లుంటారు. తూములెత్తేది, గండి పడకుండా చూసేది వాళ్ళే. కాలువ ప్రారంభోత్సవం శిలాఫలకం మీద లస్కరు పేరు ఉండదు. ఈ లైబ్రరీల లస్కర్ల కథ కూడా అంతే. 2024లో మైక్రోసాఫ్ట్ టీమ్స్ మనుషులు తమ సమస్యని అర్జంటుగా తీర్చమని ఎఫ్ఎఫ్ఎంపెగ్ వాళ్ళని అడిగారు. ఎప్పటికీ నిలిచే సపోర్టు కాంట్రాక్టు మాట్లాడుకుందామంటే, ఒకసారికి కొన్నివేల డాలర్లు ఇస్తామన్నారని ఎఫ్ఎఫ్ఎంపెగ్ వాళ్ళు బాహాటంగానే చెప్పుకున్నారు. 2025లో గూగుల్ భద్రతా విభాగం ఏఐ సాయంతో ఇందులో ఒక లోపం పట్టింది. ఎక్కడ? 1995 నాటి ఒక లూకస్‌ఆర్ట్స్ వీడియో గేము కోడెక్‌లో. లోపం చెప్పడం మంచిదే, దాంతోపాటు దిద్దుబాటు కూడా పంపండి, లేదా డబ్బివ్వండి, ఊరికే పని చేసేవాళ్ళ నెత్తిన గడువు పెట్టి పోతే ఎలా అని వాళ్ళ గోడు.

ఆ గొడవ చదివినవాళ్ళలో చాలామంది "ముప్పై ఏళ్ళనాటి గేము కోడెక్ ఇంకా ఎందుకుంచుకున్నారు, తీసి పారెయ్యచ్చుగా" అన్నారు. అక్కడే నాకు గుండె ఆగినంత పనైంది. ఎందుకంటే తాతయ్య గొంతు కూడా ఆ వరసలోదే. ఎవరికీ అక్కర్లేని పాత కోడెక్. దాంతో ఏ కంపెనీకీ పైసా రాదు. క్రోమ్ లాంటి బ్రౌజర్లు ఇదే లైబ్రరీని తమకి కావలసిన నాలుగైదు కోడెక్‌లు మాత్రం ఉంచుకుని, మిగతావి కత్తిరించి వాడతాయి. కాలువ మొదట్లో ఉన్నవాళ్ళకి ఆ నాలుగూ చాలు. నీళ్ళు అందనిది శివారు ఆయకట్టుకి. పులిగడ్డ అక్విడక్టు దాటి దివిసీమకి నీళ్ళు రావాలని ఎదురుచూసిన కుటుంబం మాది, శివారు అంటే ఏమిటో తెలుసు. ఈ కాలువ మీద తెలుగువాళ్ళం శివారు రైతులం. శివారు రైతు కాలువ గురించి పట్టించుకోకపోతే ఇంకెవరు పట్టించుకుంటారు?

అలాగని పాతవన్నీ అలాగే వదిలెయ్యమనడం లేదు. ఒక్క గండి పడితే అందరి పొలాలూ మునుగుతాయి. బుడమేరు గట్టుకి పడ్డ గండ్లు ఏం చేశాయో చూశాం. 2023లో లిబ్‌వెబ్‌పీ అనే బొమ్మల లైబ్రరీలో ఒక్క తప్పు బయటపడితే క్రోమ్, ఫైర్‌ఫాక్స్, ఇంకా లెక్కలేనన్ని యాప్‌లు ఒకేసారి దిద్దుకోవాల్సొచ్చింది. పాత కోడెక్‌లో ప్రమాదం నిజం. అయితే గట్టు బలహీనంగా ఉందని కాలువ పూడ్చేస్తామా? గట్టుకి మనుషుల్ని పెడతాం. ఆ మనుషులకి కూలి ఎవరివ్వాలన్నదే అసలు ప్రశ్న.

*

దీనికి నాకు తెలిసిన జవాబులు మూడు రకాలు వస్తాయి.

మొదటిది, పెద్దాయన అన్నదే. "మనది సాహిత్యం కదా." అయ్యా, ఇదే మాట ఫాంట్ల దగ్గర అన్నాం, ఏమైంది? యూనికోడ్ రాకముందు తెలుగు సైట్లు ఒక్కోటి ఒక్కో ఫాంటుని పట్టుకు వేలాడాయి. ఆ ఫాంటు లేనివాడికి కనిపించింది గజిబిజి గుర్తులు. ఆ గజిబిజిని తెలుగుగా మార్చడానికి పద్మ అని ఒక తోడు ప్రోగ్రాము రాయాల్సొచ్చింది. ఈ పత్రికలో మీరు చదువుతున్న ఈ అక్షరాలు కూడా ఒక షేర్డ్ లైబ్రరీ చలవే కావచ్చు. "స్త్రీ" అన్న మాటలో స కింద త వత్తు, దాని పక్కన ర వత్తు, పైన గుడి దీర్ఘం ఎక్కడెక్కడ పడాలో లెక్కగట్టే హార్ఫ్‌బజ్ అనే లైబ్రరీ క్రోమ్‌లో, ఫైర్‌ఫాక్స్‌లో, ఆండ్రాయిడ్‌లో ఉంది. వీడియో కింద తెలుగు సబ్‌టైటిల్ విరగకుండా పడాలన్నా అది కావాలి. అది పారసీ మాట. హర్ఫ్ అంటే అక్షరం, బాజ్ అంటే తెరిచిన. తెరిచిన అక్షరం! మన వత్తుల్ని మోస్తున్న లైబ్రరీకి ఇంతకన్నా సాహిత్యమైన పేరు ఎవరు పెట్టగలరు? అది సాహిత్యం కాదని ఏ నోటితో అంటాం?

రెండోది, "అన్నీ యూట్యూబ్‌లో ఉన్నాయిగా." 1948 డిసెంబరు 1న మొదలైన విజయవాడ ఆకాశవాణి మన ఇళ్ళకి నాటకాలనిచ్చింది, లలిత సంగీతాన్నిచ్చింది. ఉషశ్రీ ధర్మసందేహాలు చెబుతుంటే వీధివీధంతా ఒకే గొంతు వినపడేదని అమ్మ అంటుంది. అవి ఎక్కడున్నాయి అంటే అందరం లింకులు పంపుకుంటాం. లింకు అంటే చిరునామా. మా పెద్ద మావయ్య ముప్పై రామ్ ఫైళ్ళకీ, మన వాట్సాప్ గ్రూపుల్లో తిరిగే మూడువేల లింకులకీ తేడా ఏముంది? ఎవరో అప్‌లోడ్ చేసినది ఇంకెవరో కాపీరైట్ ఫిర్యాదు పెడితే రేపు తెల్లారేసరికి ఉండదు. మన దగ్గర ఫైలు ఉండదు, ఫైలు ఉన్నా విప్పేదానిమీద హక్కుండదు. దీన్ని భద్రపరచడం అనరు. అద్దెకుండడం అంటారు.

మూడోది మా ఇంజనీర్ల జవాబు. "మార్కెట్ చూసుకుంటుంది బ్రో." 2005లో మా కాలేజీ ల్యాబులో రెడ్‌హ్యాట్ 9 వేశారు. ఎంపీ3 పాట పెడితే పలకలేదు. "ఇదేం సిస్టమ్‌రా, పాట కూడా పాడదు" అని నవ్వుకున్నాం. ఆ సిస్టమ్‌కి చేతకాక కాదు. ఎంపీ3 మీద పేటెంట్లున్నాయని 2002లోనే రెడ్‌హ్యాట్ దాన్ని తీసేసింది. ఆ లైసెన్సుల వ్యవహారం 2017 ఏప్రిల్‌లో ముగిసేదాకా పాట వినడానికి కూడా ఎక్కడో ఎవరికో చెల్లించాల్సిన శిస్తు ఉండేది. మన క్యాసెట్ షాపులు సీడీ షాపులై, ఎంపీ3 షాపులై, మూతబడ్డాయి. ఆ కాలమంతా కూడా మార్కెట్ చూసుకున్నది తన శిస్తుని. తాతయ్య గొంతుని చూసుకోలేదు.

ఇక నా సంగతి. నేను పనిచేసిన ఒక కంపెనీలో మా ప్రోడక్టు గుండెకాయ లిబ్‌ఏవీకోడెక్. ఆరేళ్ళు దానిమీద జీతం తీసుకున్నాను, ఇల్లు కొన్నాను. ఆ ఆరేళ్ళలో అక్కడికి ఒక్క ప్యాచ్ పంపలేదు, ఒక్క రూపాయి ఇవ్వలేదు. లైబ్రరీలో ఒక తప్పు దొరికితే మా కోడ్‌లో పక్కదారి వేసుకుని ఊరుకున్నాం. పైకి చెప్పడానికి మేనేజరు ఒప్పుకోడేమోనని నేనే అనుకుని, అసలు అడగనే లేదు. ఈ వ్యాసంలో తిట్లన్నిటికీ మొదటి చిరునామా నాది.

ఇచ్చేవాళ్ళు లేకపోలేదు. జర్మనీ ప్రభుత్వ సొమ్ముతో నడిచే సావరిన్ టెక్ ఫండ్ 2024లో ఎఫ్ఎఫ్ఎంపెగ్‌కి లక్షన్నర యూరోల పైచిలుకు ఇచ్చింది. రోడ్లకీ వంతెనలకీ ఇచ్చినట్టే దీనికీ ఇవ్వాలని వాళ్ళ వాదన. బెంగళూరులోని జెరోధా 2024లోనే ఇలాంటి ప్రాజెక్టుల కోసం ఏడాదికి పది లక్షల డాలర్ల నిధి ప్రకటించింది. పక్క రాష్ట్రంలో ఒక షేర్ల కంపెనీకి తట్టింది. భాష పేరు మీద బతికే సంస్థలకీ, ఊరికో ఇంజనీరింగ్ కాలేజీ పెట్టుకున్న మన రాష్ట్రానికీ ఎందుకు తట్టదు?

*

మనకి చరిత్ర లేకపోతే సరే అనుకునేవాణ్ణి. 1914 ఏప్రిల్‌లో ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘం పుట్టింది బెజవాడలోనే, రామమోహన గ్రంథాలయంలో. అయ్యంకి వెంకటరమణయ్య లాంటివాళ్ళు ఊరూరా తిరిగి, చందాలు పోగుచేసి, పుస్తకం డబ్బున్నవాడి బీరువాలోది కాదు, అందరిదీ అన్నారు. 1935లో పాతూరి నాగభూషణం గారు ఇంకో అడుగేసి, డెల్టా కాలువ మీద పడవలో గ్రంథాలయం నడిపించారు. పడవ రేవులో ఆగితే జనం పుస్తకాలు తీసుకునేవాళ్ళు, తిరిగిచ్చేవాళ్ళు. కాలువ మీద నడిచిన లైబ్రరీ! అంతకన్నా అసలైన షేర్డ్ లైబ్రరీ ప్రపంచంలో ఎక్కడైనా ఉంటుందా?

వాళ్ళ దగ్గర డబ్బు లేదు. పుస్తకం మీద హక్కు అందరిదీ అన్న పట్టుదల ఉంది. మన దగ్గర డబ్బుంది, ఇంజనీర్లున్నారు, జనవరి వస్తే పుస్తకాల పండుగ ఉంది. అడగాల్సిన ప్రశ్న అడిగే అలవాటే లేదు.

కాబట్టి అడుగుతున్నాను. పాత గొంతుల్ని డిజిటైజ్ చేసే ప్రతి సంస్థా ఫ్లాక్ లాంటి తెరిచిన ఫార్మాట్లో ఒక ప్రతి ఉంచాలి. లింకు కాదు, దించుకునే ఫైలు ఇవ్వాలి. పేరూ, తేదీ, ఊరూ యూనికోడ్ తెలుగులో ఫైలు లోపలే రాయాలి. సన్మానాల ఖర్చులో, శాలువాల ఖర్చులో నూటికి ఒక్క రూపాయి ఆ ఫైళ్ళు విప్పే లైబ్రరీలకి పంపాలి. ఇంజనీరింగ్ కాలేజీల్లో ఫైనలియర్ ప్రాజెక్టులు కొని తెచ్చుకునే బదులు, ఒక పాత కోడెక్‌కి పరీక్షలు రాయించండి, ఒక లోపం దిద్దించండి. నేను పోయిన నెలనుంచి చిన్న మొత్తమే అయినా పంపడం మొదలుపెట్టాను. రెండు వారాలు కూర్చుని నా మొదటి ప్యాచ్ పంపాను. తప్పులున్నాయని తిప్పి పంపారు. దిద్దుతున్నాను.

తాతయ్య రికార్డింగు మూడో ముక్కలో ఒకచోట ఆగుతాడు. మంచినీళ్ళ గ్లాసు చప్పుడవుతుంది. "ఒరేయ్, ఎక్కుతోందా?" అంటాడు. "ఎక్కుతోంది నాన్నా, నువ్వు చెప్పు" అంటాడు చిన్న మావయ్య. ఎక్కింది. దాన్ని విప్పే పని మాత్రం ఎవరిదో మేమెవరం అడగలేదు.

ఈసారి మీ ఊళ్ళో భాష గురించి సభ జరిగి, అన్నీ డిజిటైజ్ చేసేశామని ఎవరైనా అంటే, చప్పట్లు కొట్టేముందు ఒక్కరు లేచి అడగండి. ఏ ఫార్మాట్లో? దాన్ని విప్పేది ఎవరు? వాళ్ళకి మనమేమిస్తున్నాం?